లేని చేపకు పరీక్ష

జంతుశాస్త్రం పాఠాల్లో మనం ఎప్పుడూ ఉన్న జంతువులను గురించే చదువుతాం. దాని పొడవెంత, కాళ్లెన్ని, ఏం తింటుంది, ఎక్కడ దొరుకుతుంది అన్నవి కంఠతా పట్టి, పరీక్షలో రాసి మార్కులు తెచ్చుకుంటాం. ఈ నెల ఆ పద్ధతిని కాస్త తిరగేద్దాం. ఎక్కడా లేని జంతువును ఒకదాన్ని మనమే తయారుచేసి, దానికే పరీక్ష పెడదాం.

కాగితం, పెన్సిలు తీసుకోండి. ఒక కొండను గీయండి. ఆ కొండ కడుపులో, పైకప్పుదాకా నీటితో నిండిన గుహ. లోపల కన్ను పొడుచుకున్నా కానరాని చీకటి. ఆ చీకట్లో ఒక చేప. దాని పొడవు మూడు మీటర్లు, బరువు వంద కిలోలు. నోటినిండా సూదుల్లాంటి పళ్లు. ఒళ్లంతా నీలంగా వెలుగుతూ ఉంటుంది. ఆ వెలుగుకు ఆశపడి దగ్గరికొచ్చిన ప్రాణిని గుటుక్కున మింగేస్తుంది. పేరు కూడా కావాలి కదా! 'బిలదీపం' అందాం.

బొమ్మ బాగానే వచ్చింది. ఇటువంటి చేపలు కథల్లోనూ సినిమాల్లోనూ బోలెడు కనిపిస్తాయి. అయితే ప్రకృతి పెట్టే పరీక్షలో మన బిలదీపం ప్యాసవుతుందా? ఒక్కొక్క ప్రశ్నే అడుగుతూ పోదాం. తప్పినచోట రబ్బరుతో చెరిపి మళ్లీ గీద్దాం. చివరికి కాగితం మీద ఏం మిగులుతుందో చూద్దాం.

దీపానికి నూనె ఎక్కడిది?

మొదటి ప్రశ్న సులువే. ప్రాణి శరీరం దీపంలా వెలగగలదా? వెలగగలదని మీకు తెలుసు. వానాకాలపు రాత్రుల్లో చెట్ల మీద మిణుగురులను మీలో చాలామంది చూసే ఉంటారు. రాత్రివేళ పడవ మీద పోతూ తెడ్డు వేస్తే ఒక్కొక్కసారి సముద్రపు నీరు తళుక్కుమంటుందని మన తీరపు జాలరులు చెబుతారు. నీటిలో ఉండే సూక్ష్మజీవులు కదలిక తగిలినప్పుడు వెలగడమే దానికి కారణం. ప్రాణులు ఇలా వెలుగును పుట్టించడాన్ని 'జీవసందీప్తి' అంటారు.

ఈ వెలుగుకు ఏం కావాలో మొదట ఆచూకీ తీసినవాడు రాబర్ట్ బాయిల్. వాయువుల పీడనానికీ ఘనపరిమాణానికీ ఉన్న సంబంధాన్ని గురించి మీరు చదివిన బాయిల్ నియమం ఈయనదే. చీకట్లో వెలిగే పుచ్చిన కొయ్యముక్కలను, కుళ్లుతున్న చేపలను ఆయన గాజుపాత్రలో ఉంచి, పంపుతో లోపలి గాలిని తోడేశాడు. కొయ్య వెలుగు ఆరిపోయింది. గాలిని మళ్లీ లోపలికి వదిలాడు. ఆరిన వెలుగు తిరిగి వచ్చింది! ఈ సంగతిని 1668లో ప్రకటించాడు. ఆక్సిజన్‌ను కనుక్కోవడానికి అప్పటికింకా నూరేళ్లకు పైగా వ్యవధి ఉంది. పేరు తెలియకపోయినా, గాలి లేనిదే ఈ దీపం వెలగదని మాత్రం తేలింది. కొయ్య వెలుగు దాన్ని తింటున్న బూజుదనీ, చేప వెలుగు బాక్టీరియాలదనీ తరువాతివారు కనుక్కున్నారు. ఈ బాక్టీరియాలను గుర్తుపెట్టుకోండి. వీటితో మనకు మళ్లీ పని పడుతుంది.

1880ల్లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు రఫాయెల్ ద్యుబ్వా చేసిన ప్రయోగం ఇంకా ముచ్చటైనది. ఆయన రాతిని తొలుచుకుని బతికే ఫోలాస్ అనే వెలిగే ఆల్చిప్పను తీసుకున్నాడు. వెలిగే భాగాన్ని కొంత చన్నీటిలో వేసి నలిపాడు. ఆ నీరు కాసేపు వెలిగి, మెల్లగా ఆరిపోయింది. ఇంకొంత భాగాన్ని వేడినీటిలో వేశాడు. అది వెంటనే ఆరిపోయింది. ఇప్పుడు రెండు గిన్నెలూ చీకటే. వేడినీటిని చల్లారనిచ్చి ఆ రెండింటినీ కలిపాడు. మళ్లీ వెలుగు వచ్చింది!

ఇదెలా జరిగింది? కింద చదవబోయే ముందు మీరు ఒక్క నిమిషం ఆలోచించండి.

వెలుగుకు రెండు పదార్థాలు కావాలి. ఒకటి దీపంలో నూనెలాగా ఖర్చయిపోయేది. రెండోది, తాను ఖర్చుకాకుండా ఆ నూనెను మండించే ఎంజైమ్. చన్నీటి గిన్నెలో నూనె పూర్తిగా ఖర్చయిపోయింది, ఎంజైమ్ మిగిలింది. వేడినీటి గిన్నెలో ఎంజైమ్ వేడికి చెడిపోయింది, నూనె మిగిలింది. కలపగానే ఒకదాని లోటును మరొకటి తీర్చింది. ఖర్చయ్యేదానికి లూసిఫెరిన్ అని, ఎంజైముకు లూసిఫెరేజ్ అని ద్యుబ్వా పేర్లు పెట్టాడు. లూసిఫెరిన్ ఆక్సిజన్‌తో కలిసినప్పుడు వెలువడే శక్తి వేడిగా మారకుండా కాంతిగా వస్తుంది. అందుకే మిణుగురును అరచేతిలో పట్టుకున్నా చెయ్యి కాలదు. మిణుగురులో ఈ చర్య నూరుసార్లు జరిగితే 88 సార్లు కాంతి పుడుతుందని చాలాకాలం పుస్తకాల్లో రాశారు. 2008లో మరింత జాగ్రత్తగా కొలిస్తే అది 41 అని తేలింది. తగ్గితే మాత్రం ఏమి, మెచ్చుకోదగ్గ లెక్కే!

కాబట్టి మొదటి ప్రశ్నలో బిలదీపం ప్యాసయింది. ఒక్క షరతు. దాని గుహ నీటిలో ఆక్సిజన్ తగినంత ఉండాలి.

మంచినీరా, ఉప్పునీరా?

కొండ గుహ అన్నాం. నీటితో నిండిన గుహలు ఎక్కువగా సున్నపురాతి నేలల్లో ఏర్పడతాయి. వాననీరు గాలిలోని, మట్టిలోని కార్బన్ డయాక్సైడును కలుపుకుని కొద్దిగా ఆమ్లగుణం పొంది, లక్షల ఏళ్లపాటు రాతిని కరిగించుకుంటూ పోతుంది. మన బెలుం గుహలు, బొర్రా గుహలు నీటి చేతిపనే. మెక్సికోలోని యుకటాన్ ప్రాంతంలో నీటితో నిండిన గుహలు ఒకదానితో ఒకటి కలిసి వలలాగా అల్లుకుపోయాయి. 2018లో అక్కడ రెండు గుహావళులను కలిపే దారిని ఈతగాళ్లు కనుక్కున్నప్పుడు వాటి మొత్తం పొడవు 347 కిలోమీటర్లని లెక్కతేలింది. ఇంచుమించు హైదరాబాదు నుంచి రాజమండ్రికి ఎంత దూరమో అంత!

కాని చిక్కేమిటంటే, మంచినీటిలో తనంతట తాను వెలిగే చేప ఇంతవరకు ఒక్కటీ దొరకలేదు. చేపలమాట అలా ఉంచండి, మంచినీటిలో వెలిగే ప్రాణులే బహు అరుదు. న్యూజీలాండు సెలయేళ్లలో రాళ్లను అంటిపెట్టుకుని ఉండే లాటియా అనే చిన్న నత్త అటువంటిది. దాన్ని కదిలిస్తే వెలిగే జిగురును వదులుతుంది. సముద్రం మాట వేరు. కాలిఫోర్నియా తీరానికి ఆవల, సముద్రపు ఉపరితలం నుంచి 4,000 మీటర్ల లోతుదాకా 17 ఏళ్లపాటు తీసిన వీడియోల్లో కనిపించిన మూడున్నర లక్షల ప్రాణులను వర్గీకరించి 2017లో ఒక లెక్క ప్రకటించారు. వాటిలో నూటికి 76 వంతులు వెలిగే రకాలే! సముద్రంతో పోలిస్తే చెరువులూ నదులూ నిన్నగాక మొన్న పుట్టినవి, తరచూ మారిపోయేవి. పైగా బురద నీటిలో వెలుగు ఎంతో దూరం పోదు. ఈ తేడాకు శాస్త్రజ్ఞులు చెప్పే కారణాల్లో ఇవి కొన్ని.

రబ్బరు తీసుకోండి. కొండ గుహను చెరిపి సముద్రపు ఒడ్డున, అలలు వచ్చిపోయేచోట గీయండి.

వంద కిలోల చేపకు ఎన్ని లారీల ఆకు?

ఇప్పుడు అసలైన ప్రశ్న. బిలదీపం ఏం తిని వంద కిలోలయింది?

ఎండ పడని చోట కిరణజన్య సంయోగక్రియ జరగదు. పచ్చని మొక్క మొలవదు. గుహలోని ప్రాణులన్నీ దాదాపు బయటినుంచి వచ్చిన తిండిమీదే బతుకుతాయి. వరదకు కొట్టుకొచ్చిన ఆకులు అలములు, గబ్బిలాల పెంట, చచ్చిన పురుగులు. ఇవే వాటికి పంట. (దీనికి మినహాయింపులు లేకపోలేదు. 1986లో రుమేనియాలో బయటపడ్డ మోవిలే గుహలో బాక్టీరియాలు ఎండ సాయం లేకుండా, గంధకం కలిసిన వాయువునుంచి శక్తి తీసుకుని ఆహారం తయారుచేస్తాయి. వాటిమీద ఆధారపడి పురుగులు, జలగలు బతుకుతున్నాయి. చేప మాత్రం అక్కడ లేదు.)

ఆహారపు గొలుసులో ఒక మెట్టునుంచి పై మెట్టుకు సుమారు పదోవంతు మాత్రమే చేరుతుందని మీరు చదువుకున్నారు. మిగిలినదంతా కదలడానికి, ఊపిరి తీయడానికి, వేడిగా ఖర్చయిపోతుంది. ఇప్పుడు లెక్క వేయండి. మన చేప వంద కిలోలు పెరగాలంటే వెయ్యి కిలోల చిన్నచేపలు తినాలి. ఆ చిన్నచేపలు పెరగడానికి 10,000 కిలోల రొయ్యలు, పురుగులు కావాలి. వాటికి 1,00,000 కిలోల ఆకుచెత్త కావాలి. అంటే నూరు టన్నులు. లారీకి పది టన్నుల చొప్పున పది లారీలు! ఇది ఒక్క చేపకు. ఒంటరి చేపతో జాతి నిలవదు. తోడు కావాలి, పిల్లలు కావాలి, వాటికీ తోడు కావాలి. గుహలోకి అన్ని లారీల ఆకు ఎవరు తోలుతారు?

అందుకే గుహచేపలు సాధారణంగా చిన్నవి. కేరళలో కొట్టాయం ప్రాంతపు బావుల్లో దొరికే హోరగ్లానిస్ అనే గుడ్డిచేప మీ చూపుడువేలంత కూడా ఉండదు. 1950లో దాన్ని వర్ణించి పేరు పెట్టినప్పుడు మనదేశపు గొప్ప మత్స్యశాస్త్రజ్ఞుడు సుందర్‌లాల్ హోరా గౌరవార్థం ఆ పేరు ఎంచుకున్నారు. భూగర్భంలో బతికే చేపల్లో తెలిసినంతవరకు అన్నిటికన్నా పెద్దది కూడా మనదేశంలోనే ఉంది. మేఘాలయలో జైంతియా కొండల గుహల్లో ఉండే ఆ చేపను శాస్త్రజ్ఞులు 2019లో పట్టి పరిశీలించారు. 2023లో అక్కడి ప్నార్ ప్రజల పేరుమీదుగా దానికి నియోలిసోకైలస్ ప్నార్ అని పేరు పెట్టారు. ప్రపంచంలోకెల్లా పెద్దదైన ఆ గుహచేప పొడవు 40 సెంటీమీటర్లు దాటుతుంది, అంతే. మీ స్కేలును ఒకదాని పక్కన ఒకటి పెడితే ఒకటిన్నర స్కేలు లేదు.

మన ప్రాంతపు గుహనీళ్లు కూడా ఖాళీగా లేవు. ఇప్పటి పల్నాడు జిల్లాలోని గుత్తికొండ బిలం నీటినుంచి రొయ్యలకు దూరపు చుట్టమైన ఒక చిన్న ప్రాణిని 2011లో శాస్త్రలోకానికి పరిచయం చేశారు. ఆ కొత్త ప్రజాతికి ఆంధ్రకాయిడిస్ అని పేరు. మన రాష్ట్రం పేరు మోస్తున్న ఆ జీవి బిలదీపంలాగా భయంకరంగా ఉండదు. కాని అది నిజం!

మూడు మీటర్ల చేపను చెరిపేయండి. మీ జానెడు పొడవున గీయండి. పళ్లు కూడా ఆ మేరకు తగ్గించండి.

ఆ వెలుగును చూసేదెవరు?

ఇదే మన చేపకు గండం. దీపం వెలగడం ఒక ఎత్తు, దాన్ని చూసే కన్ను ఉండటం ఒక ఎత్తు.

మెక్సికో గుహల్లో ఆస్టియానాక్స్ అనే చిన్నచేప ఉంది. బయటి ఏళ్లలో ఉన్న ఇదే జాతి చేపకు చక్కని కళ్లుంటాయి. గుహలో ఉన్నదానికి కళ్లు లేవు. గుడ్డులో పిండంగా ఉన్నప్పుడు దానికీ కళ్లు ఏర్పడటం మొదలవుతుంది. కొద్దిరోజులకే ఆ పెరుగుదల ఆగి, కళ్లు కుంచించుకుపోయి, పైన చర్మం కప్పేస్తుంది. కళ్లు పోతే నష్టం కదా అంటారేమో! కన్ను ఊరికే రాదు. ఒక గ్రాము బరువున్న చేప కదలకుండా ఉన్నప్పుడు ఖర్చుచేసే శక్తిలో సుమారు 15 శాతం కళ్లకూ, మెదడులో చూపుకు సంబంధించిన భాగానికీ పోతుందని 2015లో కొలిచారు. తిండికి కరువైన చీకటి ఇంట్లో ఎందుకూ పనికిరాని దీపానికి రోజూ నూనె పోసినట్లే కదా! దానికి బదులు నీటి కదలికలను పసిగట్టే పార్శ్వరేఖా జ్ఞానాంగాలు, రుచిని పసిగట్టే మొగ్గలు ఈ చేపకు బాగా పెరిగాయి. క్యూబా, బహమాస్ దీవుల్లో సముద్రానికి దగ్గరగా ఉన్న గుహల్లో బతికే ఒక చేపల ప్రజాతికైతే పేరే లూసిఫ్యూగా. 'వెలుగునుంచి పారిపోయేది' అని అర్థం.

ఇప్పుడు చెప్పండి. గుహ లోతుల్లో ఉన్నవన్నీ గుడ్డివైతే, బిలదీపం ఎంత వెలిగినా దాని దగ్గరికి ఎవరొస్తారు? గుడ్డివాళ్ల సభలో సినిమా ఆడించినట్లే.

అయితే వెలుగుతో వేటాడే గుహజీవి అసలే లేదా? ఉంది! కాని అది చేప కాదు, పురుగు. న్యూజీలాండులో వైటొమో అనే చోట గుహలున్నాయి. 1887లో టానె టినోరావు అనే మావోరీ నాయకుడు, ఫ్రెడ్ మేస్ అనే సర్వేయరు కొవ్వొత్తులు పట్టుకుని, తెప్పమీద గుహలోని వాగు వెంట లోపలికి పోయారు. తల ఎత్తి చూస్తే పైకప్పంతా నక్షత్రాలు! అవి అరాక్నోకాంపా అనే ఒకరకం ఈగ లార్వాలు. ఒక్కొక్క లార్వా పైకప్పున చిన్న గూడు కట్టుకుని, అందులోనుంచి సన్నని పట్టుదారాలను కిందికి వేలాడదీస్తుంది. దారాలనిండా ముత్యాలపేరులాగా జిగట బొట్లుంటాయి. లార్వా తోక చివర నీలిపచ్చ దీపం. వాగులో పుట్టిన చిన్న ఈగలు గాలిలోకి లేచి, పైన చుక్కల ఆకాశం కనిపించిందనుకుని ఎగిరి, ఆ దారాలకు అతుక్కుపోతాయి. లార్వా దారాన్ని చేదతాడులాగా పైకి లాక్కుని తినేస్తుంది. ఆకలిగా ఉన్నప్పుడు మరింత దేదీప్యంగా వెలుగుతుందట!

ఈ పురుగు ఎందుకు ప్యాసయిందో గమనించారా? దాని ఆహారం బయటి లోకంతో సంబంధమున్నది. వాగు వెంట కొట్టుకొచ్చిన పురుగులకు కళ్లున్నాయి. ఆకాశం తెలుసు. తెలిసినవాళ్లనే కదా మోసగించగలం!

కాబట్టి బిలదీపం గుహ లోతుల్లో ఉండకూడదు. బయటి ప్రాణులు వచ్చిపోయే వాకిట్లో ఉండాలి. ఇంకొక సంగతి. ఒళ్లంతా వెలగడం మంచిది కాదు. వేటగాడు తన్ను తాను చూపించుకుంటే వేట పారిపోతుంది, పైగా తనకంటే పెద్ద వేటగాడు వస్తాడు. లోతు సముద్రంలో నెత్తిన దీపపు ఎర వేలాడదీసుకుని తిరిగే గాలంచేపను చూడండి. వెలిగేది ఎర మాత్రమే, ఒళ్లంతా కాటుకలాగా నలుపు. తన దీపం వెలుగులో తన మొహం కనబడకూడదు కదా! 2020లో ఇటువంటి లోతునీటి చేపలను పరిశీలిస్తే, కొన్నింటి చర్మం తనమీద పడిన వెలుగులో నూటికి అరవంతు కూడా తిరిగి పంపడం లేదని తేలింది.

మళ్లీ రబ్బరు. ఒంటి వెలుగు చెరిపేయండి, ఒళ్లు నల్లగా నింపండి, దీపం చిన్నదిగా ఒకచోట పెట్టండి. ఎక్కడ పెడతారు? మీరైతే చీకట్లో టార్చిలైటు ఎక్కడ పట్టుకుంటారు? చూపు ఎటుపోతే వెలుగు అటు పోయేలా, కంటి దగ్గర పెట్టండి.

ఇప్పుడు కాగితంకేసి చూడండి. సముద్రపు ఒడ్డున రాతి గుహ. దాని వాకిట్లో జానెడు పొడవున్న నల్లని చేప. రెండు కళ్లకింద రెండు దీపాలు. ఇది లేని చేప కాదు. ఇది ఉంది!

టార్చిచేప

ఎర్రసముద్రంలోనూ, హిందూ, పసిఫిక్ మహాసముద్రాల్లోనూ పగడపు దిబ్బల గుహల్లో ఈ చేపలుంటాయి. ముఖ్యంగా రెండు రకాలు. ఫోటోబ్లెఫరాన్, అనోమలాప్స్. మనం టార్చిచేపలందాం. పగలంతా గుహల్లో, రాతి సందుల్లో దాక్కుంటాయి. రాత్రి, అందులోనూ వెన్నెల లేని రాత్రి, బయటికి వచ్చి నీటిలో తేలే సూక్ష్మమైన రొయ్యజాతి ప్రాణులను వేటాడి తింటాయి. గుహలో కాపురం, బయట వేట! తిండి చిక్కునూ, చూపు చిక్కునూ ఒక్కదెబ్బతో విప్పుకున్నాయన్నమాట.

కంటికింద చిక్కుడుగింజ ఆకారంలో ఉండే ఆ దీపంలో వెలిగేది చేప కాదు. కోట్లకొద్దీ బాక్టీరియాలు! బాయిల్ గాజుపాత్రలో వెలిగించినవాటికి చుట్టాలు. చేప వాటికి ఇల్లు, తిండి, రక్తం ద్వారా ఆక్సిజన్ ఇస్తుంది. అవి వెలుగు ఇస్తాయి. దీపం వెనకవైపు వెలుగును ముందుకు తిప్పే పొర ఉంది. మీ టార్చిలైటు బల్బు వెనక తళతళలాడే గిన్నె ఉంటుంది చూడండి, అదే పని. ఆ వెనక నల్లని పొర ఉండి, వెలుగు చేప కంట్లో పడకుండా కాస్తుంది. ఈ బాక్టీరియాలు చేపకు ఎంతగా అలవాటుపడ్డాయంటే, బయట స్వేచ్ఛగా బతికే తమ బంధువులకున్న జన్యువుల్లో చాలాభాగాన్ని పోగొట్టుకున్నాయి. పెట్టిపోషించేవాడు దొరికితే ఇంటిపనులు మరిచిపోయినట్లు!

వెలిగే బాక్టీరియాల్లో ఇంకో వింత ఉంది. 1970లో అమెరికాలో నీల్సన్, హేస్టింగ్స్ మొదలైనవారు స్వేచ్ఛగా బతికే వెలిగే బాక్టీరియాలను ద్రవంలో పెంచుతూ గమనించారు. కొద్దిగా ఉన్నంతసేపూ అవి వెలగలేదు. గుంపు చిక్కబడిన తరువాతనే వెలగడం మొదలుపెట్టాయి. ఒక్కొక్క బాక్టీరియా ఒక రసాయనాన్ని చుట్టూ వదులుతూ ఉంటుంది. గుంపు పెరిగితే ఆ రసాయనం గాఢత పెరుగుతుంది. అది ఒక హద్దు దాటితే దీపాలు వెలుగుతాయి. ఒక్క బాక్టీరియా వెలిగితే ఎవరికీ కనబడదు, ఖర్చు దండగ. ఈ లెక్క వాటికి ఎవరు నేర్పారో!

బాక్టీరియాలు ఆపకుండా వెలుగుతూనే ఉంటాయి. మరి చేపకు దీపం ఆర్పాలంటే ఎలా? స్విచ్చి లేదు. ఫోటోబ్లెఫరాన్ ఒక నల్లని తోలుమడతను కిందినుంచి పైకి లేపి దీపాన్ని కప్పేస్తుంది. కంటికి రెప్ప ఉన్నట్లే దీపానికో రెప్ప. అనోమలాప్స్ దీపాన్నే గిర్రున తిప్పి, కింద ఉన్న సంచిలో దాచేస్తుంది. ఈ రెండోరకం చేప రాత్రిళ్లు నిమిషానికి సుమారు 90 సార్లు దీపాన్ని మూసి తెరుస్తూ ఉంటుందని, ఆహారం కనబడితే మాత్రం రెప్పలార్పడం తగ్గించి ఎక్కువసేపు వెలిగిస్తుందని 2017లో ప్రకటించిన పరిశీలన చెబుతోంది. వెలుగుతో వేట అంటే ఇదే. ఎర వేయడం కంటే దీపం పెట్టి వెతుక్కోవడం ముఖ్యం. అయితే 1975లో ఎర్రసముద్రంలో ఫోటోబ్లెఫరాన్లను గమనించిన శాస్త్రజ్ఞులు ఆ ఒక్క దీపం నాలుగు పనులకు ఉపయోగపడుతున్నదని రాశారు. ఆహారాన్ని చూడటానికి, ఆహారాన్ని ఆకర్షించడానికి, తోటి చేపలతో సంకేతాలకు, శత్రువునుంచి తప్పించుకోవడానికి.

నాలుగోది వినడానికి విడ్డూరంగా ఉంటుంది. దీపం వెలిగించుకుని శత్రువునుంచి తప్పించుకోవడమా? ఆగండి, ఆ సంగతికి వస్తాను.

ఈ దీపపు మహిమ మనుషులకూ తెలుసు. ఇండొనీషియాలో బాండా దీవుల జాలరులు టార్చిచేప దీపాన్ని కోసి గాలానికి ఎరగా కట్టేవారు. చేప చచ్చినా దీపం గంటలకొద్దీ వెలిగేది. ఎందుకో మీరే చెప్పగలరు. చచ్చింది చేప, బాక్టీరియాలు కాదు.

మరి గుహ లోపల?

బిలదీపాన్ని వాకిట్లోకి తెచ్చేశాం. ఇక లోపలి చీకట్లో వేటగాడెవరూ లేరనుకుంటున్నారా? 1979లో జిల్ యేగర్ అనే ఈతగత్తె బహమాస్‌లో నీటితో నిండిన ఒక గుహలో ఈదుతూ, వెల్లకిలా ఈదే తెల్లని ప్రాణిని చూసింది. చూడటానికి జెర్రిలాగా ఉంది. ఒంటికి రెండువైపులా వరసగా తెడ్లలాంటి కాళ్లు. దాని పొడవు ఒకటి రెండు అంగుళాలకు మించదు. కళ్లు లేవు, రంగు లేదు, దీపం లేదు. 1981లో ఆమె దాన్ని వర్ణించినప్పుడు, రొయ్యలు, పీతలు చేరిన క్రస్టేషియన్లలో ఏ తరగతిలోనూ అది ఇమడలేదు. రెమిపీడియా అని కొత్త తరగతినే ఏర్పరచవలసి వచ్చింది. 2013లో ఇంకొక సంగతి బయటపడింది. దాని ముందుకోరల్లో విషముంది! క్రస్టేషియన్లలో విషం ఎక్కించి వేటాడుతుందని రుజువైన మొదటి ప్రాణి ఇదే.

సూదిపళ్లు, నీలి వెలుగు, మూడు మీటర్ల ఒళ్లు అని మనం ఊహించుకున్నాం. నీటి గుహలో నిజంగా ఉన్న వేటగాడు వేలెడంత తెల్లని జెర్రి. భయంకరత్వంలో మన బొమ్మే గెలుస్తుంది. వింతలో మాత్రం, నన్నడిగితే, రెమిపీడుకే నా ఓటు.

ఆడి చూడండి

ఇక టార్చిచేప నాలుగో పని. అమావాస్యకు అటూ ఇటూ రాత్రిపూట, గుంటలూ రాళ్లూ లేని వాకిట్లో నలుగురైదుగురు చేరండి. వీధిదీపం పడకూడదు. ఒకరు చేప. వారి చేతిలో టార్చిలైటు. మిగిలినవారు పది అడుగుల దూరంలో నిలబడాలి. వాళ్లు శత్రువులు. చేప టార్చి వెలిగించి ఎడమకు నాలుగడుగులు నింపాదిగా నడవాలి. చటుక్కున ఆర్పేసి, అదే క్షణంలో కుడికి తిరిగి, చప్పుడు కాకుండా త్వరగా నడవాలి. శత్రువులు చివర వెలుగు కనిపించినచోటు దాటి, అది పోతున్న దిక్కుకే చేతులు చాస్తారు. అక్కడ ఎవరూ ఉండరు! కొద్దిసేపటికి చేప ఇంకోచోట టార్చి వెలిగించి మళ్లీ అదే పని చేయాలి.

ఎర్రసముద్రంలో టార్చిచేప చేసేది అచ్చంగా ఇదే. వెలుగుతూ ఒక దిక్కుకు పోతుంది, రెప్ప మూసి మరో దిక్కుకు మళ్లుతుంది. ముందు ఈ పద్ధతిలో పదిసార్లు ఆడి, ఎన్నిసార్లు పట్టుబడ్డారో రాసుకోండి. తరువాత టార్చి అసలు వెలిగించకుండా పదిసార్లు, ఆర్పకుండా వెలిగిస్తూనే పదిసార్లు ఆడండి. మూడు అంకెలూ పక్కపక్కన వేసి చూడండి. చేపగా ఉన్నవారికి ఒక్క హెచ్చరిక. కంగారులో టార్చి ఆర్పిన తరువాత కూడా అదే దిక్కుకు నడిచారంటే దొరికిపోవడం ఖాయం.